తేటగా కనిపించిన మొహం

షిఫ్టు 212

నీటి గది, ఏడో తెప్ప. రెండు పంపులూ నడుస్తున్నాయి. మూడో వడపోత పొర జిగురు పట్టింది, విప్పి కడగాలి. ఉప్పు తొట్టి నిండింది.

ఇతర విషయాలు: ఈ గడిలో నేను పనిలో చేరినప్పటి నుంచీ "ఏమీ లేవు" అనే రాస్తున్నాను. నాకు ముందు చేసినాయన కూడా అదే రాసేవాడు. పలక మీది నీటి లెక్కలను రేవు ఆఫీసు చూస్తుంది గానీ ఈ గడిని ఎవరూ తెరవరు. ఒకసారి పరీక్షగా "ఆఫీసరు గారికి బట్టతల వస్తోంది" అని రాసి చూశాను. ఏమీ కాలేదు.

ఇవాళ కూడా "ఏమీ లేవు" అని రాయబోయాను. చెయ్యి రాలేదు. ఇవాళ మా తమ్ముడు ఇస్సాకును అడుగుకి దింపాలని తీర్పు చెప్పారు.

అడుగంటే మా తెప్పలు తేలే ఈ సముద్రం అడుగే. నీళ్ళలో మునిగిపోయిన పాత ఊళ్ళలో ఇనుము కోసి పైకి పంపడం అక్కడి పని. దిగినవాళ్ళు ఇనప గదిలోనే తిని, ఇనప గదిలోనే పడుకుంటారు. గాలి గొట్టంలోంచి వస్తుంది. మంచి ఊపిరితిత్తులున్నవాడు కూడా రెండో వానాకాలం చూడడు. ఆ మాట తీర్పులో ఉండదు, "శ్రమ శిక్ష" అని మాత్రం ఉంటుంది.

చనిపోయింది గంగాధరం గారు. మా తెప్పకు నీటి వంతులు పంచే పెద్దమనిషి. పోయిన ఎండాకాలం ఒక సాయంత్రం, మా తెప్పకు దీపాల వంతు లేని వేళ, ట్యాంకు పక్కనున్న నడవ మీద ఎవరో వాల్వు తిప్పే ఇనప కమ్మీతో ఆయన తల మీద కొట్టి పారిపోయారు. ఆయన భార్య తులశమ్మ పిన్ని తన గుమ్మంలోంచి అది చూసింది. ఆ రోజు పొద్దున్నే, మా ఇంటి వంతు ఎగ్గొట్టారని ఇస్సాకు ఆయనతో తెప్పంతా వినేలా పోట్లాడాడు. నోటికొచ్చినట్టు తిట్టాడు. వాడి నోరు అలాంటిది. మా ఇంట్లో అందరి నోరూ అలాంటిదే.

పాతకాలంలో కోర్టుల్లో సాక్షి నోటితో చెబితే వినేవారట. ఇప్పుడు తోడతారు. సాక్షి తల మీద ఉప్పునీటి గుడ్డ కప్పి, తీగలు ఆనించి, ఆ పూటను తలుచుకోమంటారు. తలుచుకున్నది గోడ మీద బొమ్మగా పడుతుంది. తులశమ్మ పిన్నిని తోడితే నడవ మసగ్గా వచ్చింది. ట్యాంకు మసక. గంగాధరం గారు కూడా మసకే. ఒక్క ఇస్సాకు మొహం మాత్రం తేటగా పడింది, భుజాల దాకా వేలాడే జుట్టుతో, కనుబొమ పక్కన చిన్నప్పటి గాటుతో సహా. కోర్టు గోడ మీద "తేటగా ఉన్నదే నిజం" అని చెక్కించారు. న్యాయమూర్తి ఆ అక్షరాల వైపు ఒకసారి చూసి తీర్పు చదివేశారు.

ఆ సాయంత్రం ఇస్సాకు నా దగ్గరున్నాడు. ఇదే గదిలో, నా పక్కన పీట వేసుకుని, మూడో పొర కడుగుతున్నాడు. ఆ రోజు పలకలో నీటి లెక్కలే ఉన్నాయి, ఎవరొచ్చారో ఎవరు వెళ్ళారో రాసే అలవాటు లేదు. తోబుట్టువుల జ్ఞాపకాన్ని కింది కోర్టులో తోడరు. అప్పీలులో తోడతారు. ఇక నాకున్నది అదొక్కటే.

షిఫ్టు 214

పంపులు నడుస్తున్నాయి. మూడో పొర కడిగాను.

ఇతర విషయాలు: అప్పీలుకు లాయరును పెట్టుకున్నాను. నజీమా గారు. రేవు అవతల ఒకటో తెప్పలో ఉంటారు. సన్నగా ఉంటారు, మాట కూడా సన్నమే, కానీ ఎదుటి మనిషి మాట మధ్యలో ఆపరు. అది నాకు నచ్చింది.

"మిమ్మల్ని తోడతారు సువార్త గారూ. మీ బొమ్మలో మీ తమ్ముడు ఈ గదిలో తేటగా కనపడితే, తేటకి తేట సరిపోతుంది. అప్పుడు శిక్ష నిలవదు."

"కనపడతాడు మేడం. కళ్ళ ముందే ఉన్నాడు."

"అప్పటిదాకా ఆ సాయంత్రం గురించి ఎవరితోనూ మాట్లాడకండి. మీలో మీరు కూడా ఎక్కువ తలుచుకోకండి. ఎంత తక్కువ ముట్టుకుంటే అంత మంచిది."

సరేనన్నాను. లాయర్లు ఏదో ఒకటి చెబుతారు, చెప్పకపోతే లాయరేముంది అనుకున్నాను. తలుచుకోకుండా ఎలా ఉంటాను? మరిచిపోతే వాడేమైపోతాడు? అందుకే పొర కడిగేటప్పుడు రోజుకోసారైనా ఆ సాయంత్రాన్ని మొదటి నుంచి చివరిదాకా చూసుకుంటున్నాను. వాడు పీట లాక్కున్నాడు. పొర ఒక అంచు వాడు పట్టుకున్నాడు, ఇంకో అంచు నేను. గంగాధరం గారిని తిడుతుంటే నోరు ముయ్యమన్నాను. ఇంతలో అరుపులు వినపడ్డాయి. ఇద్దరం బయటికి పరిగెత్తాం. అంతే. ఒక్క ముక్క కూడా జారిపోకూడదు.

షిఫ్టు 219

ఒకటో పంపు గురక పెడుతోంది. నూనె వేశాను. మూడో పొర కడిగాను.

ఇతర విషయాలు: జైలుకు వెళ్ళాను. వాడికి గుండు గీసేశారు. అడుగుకి దిగేవాళ్ళకు గాలి టోపీ బిగుతుగా పట్టాలని తీర్పు రాగానే గీసేస్తారట. అప్పీలు ఉందిగా అంటే, రూలు రూలేనన్నాడు కాపలా మనిషి. ఏడో తెప్పలో అంత జుట్టు ఇంకెవరికీ లేదు. దాని మీద వాడికి మహా మోజు, నా వంతు మంచినీళ్ళు కూడా దొంగతనంగా తల మీద పోసుకునేవాడు. ఇప్పుడు చెవులు రెండూ విడిగా నిలబడి చిన్నపిల్లాడిలా ఉన్నాడు. నాకు నవ్వు రావాల్సింది. రాలేదు.

జాలీకి అటు వాడు, ఇటు నేను.

"నీకంతా గురుతుందా అక్కా?"

"రోజూ చూసుకుంటన్నా."

"చెప్పు, ఇంటా."

చెప్పాను. వాడు కళ్ళు మూసుకుని విన్నాడు.

"టీ మాట చెప్పలేదే. బెల్లం టీ తెచ్చా గదా నీకు. మూత పెట్టుకుని."

టీ గురించి నాకు గుర్తులేదు. ఒక్క క్షణం ఆలోచించేసరికి గుర్తొచ్చింది. మూత పక్క నుంచి ఆవిరి వస్తోంది. అవును, తెచ్చాడు. ఇంత ముఖ్యమైన సంగతి నేనెలా వదిలేశానా అని నా మీద నాకే కోపం వచ్చింది. ఇక నుంచి రోజూ టీతో సహా చూసుకోవాలి.

షిఫ్టు 226

పంపులు బాగున్నాయి. మూడో పొర కడిగాను. ఉప్పు బండి రాలేదు, ఉప్పు గోతాల్లో కట్టి పెట్టాను.

ఇతర విషయాలు: ఇవాళ నడవ మీద తులశమ్మ పిన్ని ఎదురైంది. నన్ను చూసి పక్కకి తొలగింది. ఆమెను తిట్టాలని ఎన్నాళ్ళుగానో మాటలు సిద్ధం చేసుకున్నాను. ఆమె ఎంత చిక్కిపోయిందో చూశాక ఒక్కటీ బయటికి రాలేదు.

ఇంటికొచ్చాక ఒక సంగతి తన్నుకుంటూ గుర్తొచ్చింది. మా దగ్గర చావు ఇంటికి వెళ్ళినవాళ్ళు ఊరికే కూర్చోరు. "ఎట్టా జరిగిందమ్మా" అని అడగాలి. అడగకపోతే పట్టనట్టు వచ్చిపోయారంటారు. అడిగితే ఆ ఇంటి మనిషి మొదటి నుంచీ చెప్పుకుని ఏడుస్తుంది, ఏడిస్తే గుండె తేలికవుతుంది. తులశమ్మ పిన్నిని ఏడో తెప్ప మొత్తం అడిగింది. పక్క తెప్పలు వచ్చి అడిగాయి. నేనూ వెళ్ళాను, నేనూ అడిగాను.

మొదటి రోజు ఆమె నాతో చెప్పింది నా చెవుల్లో ఉంది. "ఎవురో మనిషమ్మా. ఈపు కనపడింది. ఆ చీకట్లో ఏం తెలుత్తది." పక్కనున్న ఒకావిడ వెంటనే, "పొద్దున పోట్లాడినోడు కాదు గదా" అని, నన్ను చూసి నాలిక కరుచుకుంది. కొన్నాళ్ళకు మళ్ళీ వెళ్ళినప్పుడు, ఆమె చెప్పేదాంట్లో ఆ వీపు మీదికి జుట్టొచ్చింది. పెద్దకర్మ నాటికి ఆ మనిషి ఆమె వైపు తిరిగాడు.

తోడేవాళ్ళు పెద్దకర్మ అయ్యేదాకా ఆ గుమ్మం తొక్కరు. ఏడుస్తున్న మనిషి నెత్తిన తీగలు పెడతామా అని ఈ రేవు పెట్టుకున్న మర్యాద. పెట్టినవాళ్ళు మంచివాళ్ళే అయ్యుంటారు. ఆ మర్యాద పుణ్యమా అని, వచ్చినవాళ్ళంతా తలా ఒక చెయ్యి వేసి పోయాక, అప్పుడు తోడారు.

పరుగున నజీమా గారి దగ్గరికి వెళ్ళాను.

"నాతోనే చెప్పింది మేడం, ఎవరో అని. ప్రమాణం చేసి చెప్తా."

ఆమె చాలాసేపు పెన్ను మూత తీసి పెట్టి, తీసి పెట్టి చేశారు.

"మీరు చెప్పింది నిజమని నేను నమ్ముతున్నాను. కానీ కోర్టుకు మాట సాక్ష్యం కాదండీ. బొమ్మే సాక్ష్యం. పరామర్శకు వచ్చి అడగడం నేరం కాదు."

"మరి ఏం చెయ్యాలి?"

"మీ బొమ్మ మీదే ఆశ పెట్టుకుందాం. విచారణకు ముందు మా దగ్గరే ఒకసారి తోడి చూసుకుందాం."

షిఫ్టు 240

పంపులు నడుస్తున్నాయి.

ఇతర విషయాలు: ఇవాళ తోడారు.

నజీమా గారి వెనక గదిలో యంత్రం ఉంది. ఉప్పునీటి గుడ్డ చల్లగా తగిలింది. ఆ ఉప్పు మా గదిదే అయ్యుంటుంది, రేవు మొత్తానికి మేమే ఇస్తాం. కళ్ళు మూసుకుని ఆ సాయంత్రాన్ని పిలిచాను. పిలవకముందే వచ్చేసింది, అంత అలవాటైపోయింది.

కళ్ళు తెరిచి గోడ చూశాను. నా నీటి గది, పీట, పొర అన్నీ ఉన్నాయి. మూత పెట్టిన టీ గ్లాసు ఉంది, ఆవిరి కూడా ఉంది. ఇస్సాకు నా పక్కనే కూర్చుని పొర అంచు పట్టుకున్నాడు. తులశమ్మ పిన్ని బొమ్మ కన్నా తేటగా ఉన్నాడు. నాకు ప్రాణం లేచొచ్చింది. "చూశారా మేడం" అన్నాను.

నజీమా గారు లేచి గోడ దగ్గరికి వెళ్ళి వాడి తల మీద వేలు పెట్టారు. అప్పుడు చూశాను.

వాడికి గుండు ఉంది.

ఆ సాయంత్రం వాడికి జుట్టుంది. విచారణ నడిచినన్నాళ్ళూ కోర్టులో అందరూ ఆ జుట్టు చూశారు. గుండు గీసింది తీర్పు తర్వాత. నేను జైలు జాలీలోంచి చూసిన తలను తీసుకెళ్ళి ఆ సాయంత్రంలో పెట్టుకున్నాను. ఎప్పుడు పెట్టానో నాకు తెలియదు. మళ్ళీ తోడమన్నాను. మళ్ళీ గుండే. జుట్టును గుర్తు చేసుకుందామని పళ్ళు బిగించి ప్రయత్నించాను. గుండు మీద జుట్టు అతికించినట్టు వచ్చి జారిపోయింది.

"రోజూ తలుచుకున్నారా?" అని అడిగారు నజీమా గారు. కోపంగా అడగలేదు. కోపంగా అడిగినా బాగుండేది.

వాడిని కాపాడడానికి రోజూ తుడిచి తుడిచి పెట్టుకున్నాను. అదే వాడి కొంప ముంచింది.

షిఫ్టు 241

పంపులు నడుస్తున్నాయి. నాకు ఊపిరాడడం లేదు.

షిఫ్టు 243

మూడో పొర మార్చాలి. కారణం కింద రాస్తున్నాను.

ఇతర విషయాలు: పొద్దున మా వరస చివరింటి సీతాలు గ్లాసు పట్టుకుని వచ్చింది.

"నీళ్ళు ఉప్పగా ఉన్నయ్యి సువార్తా. పిల్లలు ఉమ్మేత్తన్నారు."

"తేటగానే ఉన్నయ్యి గదా."

"తేటగా ఉంటే తాగుతారా? నువ్వు తాగు."

తాగాను. నిజంగానే ఉప్పు. పొర విప్పి చూస్తే మధ్యలో పలచబడి ఉంది. నేనే అరగదీశాను. జిగురు పట్టినప్పుడు కడగాల్సిన పొరను, అక్కడ కూర్చుంటే తమ్ముడు పక్కనున్నట్టుంటుందని రోజూ కడిగాను. పలచబడిన పొర మట్టిని ఆపుతుంది, ఉప్పును ఆపదు. నీళ్ళు చూడడానికి నిక్షేపంగా ఉంటాయి.

సీతాలు ఇంకా ఏదో అంటూనే ఉంది. గ్లాసు ఆమె చేతికిచ్చేసి, గదికి తాళం వేసి, నజీమా గారి దగ్గరికి పడవెక్కాను. పని వేళలో గది వదిలి వెళ్ళాను. కావాలంటే జీతం కోసుకోండి, ఈ గడి చదివితే గదా కోసేది.

"నా బొమ్మ కోర్టులో చూపించండి" అన్నాను.

"గుండుతోనా? నవ్వుతారు."

"నవ్వనీయండి. ఆ బొమ్మ తేటగా ఉందా లేదా?"

"ఉంది."

"ఆ రోజు వాడికి గుండు లేదని కోర్టులో అందరికీ తెలుసా లేదా?"

నజీమా గారి చేతిలో పెన్ను ఆగిపోయింది.

"తేటగా ఉన్నదే నిజమైతే, తీర్పుకు ముందే అతనికి గుండు ఉండాలి. అది కుదరదు. కాబట్టి తేటగా ఉన్నది అబద్ధం కావచ్చు." తనకు తానే చెప్పుకుంటున్నట్టు అన్నారు. తర్వాత గొంతు తగ్గించారు. "సువార్త గారూ, ఒక్క సంగతి అర్థం చేసుకోండి. తులశమ్మ గారి బొమ్మను పడగొడితే మీ బొమ్మ కూడా పడిపోతుంది. తమ్ముడు మీ దగ్గరే ఉన్నాడన్న మాట ఇక ఏ కోర్టూ వినదు. మళ్ళీ కేసు పెడితే మీరు సాక్షిగా పనికిరారు. మీ జ్ఞాపకం చెల్లదని మీరే నిలబడి నిరూపిస్తున్నారు."

"పనికిరాకపోతే పోయాను. వాడు పైన ఉంటే చాలు."

అప్పుడు అలా అనేశాను. పడవలో తిరిగి వస్తుంటే మాత్రం ఆ మాట బరువు తెలిసింది. ఆ సాయంత్రం నా దగ్గరున్న ఒకే ఒక్క ఆస్తి. దాన్ని నేనే తీసుకెళ్ళి అందరి ముందూ అబద్ధమని చెప్పాలి.

షిఫ్టు 250

సెలవు పెట్టాను. పంపులు ఎనిమిదో తెప్ప మనిషి చూశాడు, లెక్కలు అతనివే.

ఇతర విషయాలు: అప్పీలు విచారణ. ముగ్గురు న్యాయమూర్తులు, మధ్యలో పెద్దావిడ. ఇస్సాకును బోనులో నిలబెట్టారు, గుండు మీద చిన్న చిన్న మొలకలు వచ్చాయి. తులశమ్మ పిన్ని ముందు వరసలో కూర్చుంది.

నా తల మీద గుడ్డ వేశారు. గోడ మీద నా గది పడగానే వెనక నుంచి ఎవరో పకాలున నవ్వారు. తర్వాత చాలామంది నవ్వారు. రేవు తరఫు లాయరు లేచి, తమ్ముడి మీద ప్రేమతో అల్లుకున్న కట్టుకథ అని చెప్పి కూర్చున్నాడు.

పెద్దావిడ నవ్వలేదు. "మళ్ళీ తోడండి" అన్నారు. తోడారు. ఆవిడ కళ్ళద్దాలు తీసి తుడుచుకుని పెట్టుకున్నారు.

"కట్టుకథ మసగ్గా వస్తుందని ఇన్నాళ్ళూ మీరే వాదించారు. ఇది మసగ్గా ఉందా?"

రేవు లాయరు గోడ చూశాడు. "తేటగానే ఉందండీ."

"ఈ తేట ఎక్కడి నుంచి వచ్చిందంటారు?"

ఆ జవాబు నజీమా గారు లేచి చెప్పారు. మనిషి ఒక పూటను తలుచుకున్న ప్రతిసారీ దాన్ని మళ్ళీ కొత్తగా కట్టుకుంటాడని, ఎక్కువసార్లు తలుచుకున్న ముక్కే ఎక్కువ తేటపడుతుందని, ఈ సాక్షి తన తమ్ముడి మొహాన్ని తలుచుకున్నట్టే ఆ సాక్షి కూడా పెద్దకర్మ దాకా వచ్చిపోయే ప్రతి మనిషికీ చెప్పుకుందని, ఆ చెప్పుకున్నదే గోడ మీద పడిందని చెప్పారు. ఆ మాటలు వింటుంటే నా గురించి కాక ఇంకెవరి గురించో వింటున్నట్టుంది.

పెద్దావిడ తులశమ్మ పిన్నిని లేవమన్నారు. తోడడానికి కాదు. ఊరికే అడగడానికి. కోర్టులో ఒక సాక్షిని నోటితో అడగడం నేనెప్పుడూ చూడలేదు.

"అమ్మా, ఆ మొహం మీరు ఆ రోజే చూశారా?"

తులశమ్మ పిన్ని కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఇస్సాకు వైపు చూసింది. ఆమె ఎటు చెబుతుందో నాకు తెలియలేదు.

"కళ్ళు మూసుకుంటే ఆ పిల్లోడే కనపడతాడమ్మా నాకు. అన్నం తింటన్నా అదే మొహం. నేను అబద్ధం ఆడలేదు. అయితే..." ఆగింది. "మొదలు ఈపే చూశానని సువార్తతో చెప్పానంట. సువార్త చెప్పిందని ఇన్నా. నేనట్టా అన్నట్టు నాకు గురుతు లేదు. అట్టా అని ఉంటే, మరి ఈ మొహం నాకు ఎక్కడిదమ్మా? నాకు తెలవాల."

ఆమె కూర్చోలేదు, అలాగే నిలబడి ఉంది. ఎవరో జవాబు చెబుతారని చూస్తున్నట్టుంది.

షిఫ్టు 251

పంపులు నడుస్తున్నాయి. కొత్త పొర బిగించాను. నీళ్ళు తాగి చూశాను, బాగున్నాయి.

ఇతర విషయాలు: శిక్ష కొట్టేశారు. రెండు బొమ్మలూ చెల్లవన్నారు. ఇంకే ఆధారమూ లేదు కాబట్టి వదిలేస్తున్నామన్నారు. పెద్దావిడ చివర్లో ఇంకో మాట చదివారు: "ఇతను చేయలేదని ఈ కోర్టు చెప్పడం లేదు. చేశాడో లేదో ఈ కోర్టుకు తెలియదు." గోడ మీది అక్షరాలు అక్కడే ఉన్నాయి, వాటిని ఎవరూ చెరపలేదు.

బయటికి వస్తుంటే మెట్ల మీద ఒక నడివయసు ఆడమనిషి నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఆమె ఏ తెప్పదో నాకు తెలియదు.

"మా వాడి బొమ్మ కూడా తేటగానే ఉందమ్మా. కిందటేడు దించారు" అంది. చెయ్యి విడిపించుకోవడానికి నాకు ధైర్యం రాలేదు, ఆమే వదిలేదాకా నిలబడ్డాను.

తులశమ్మ పిన్ని అందరికన్నా చివర వచ్చింది. నన్ను చూసి ఆగింది.

"మరి మా ఆయన్ని ఎవురు కొట్టారే?" అని అడిగింది. నన్ను నిలదీయడం లేదు, మామూలుగా అడిగింది. నేను తల వంచుకున్నాను. ఆమె కాసేపు చూసి పడవ దగ్గరికి వెళ్ళిపోయింది. ఆమెకు దొరికిన ఒక్క మొహాన్ని కూడా నేను లాగేసుకున్నాను, దాని బదులు ఏమీ ఇవ్వలేదు.

షిఫ్టు 258

రెండు పంపులూ నడుస్తున్నాయి. ఉప్పు బండి వచ్చింది. మూడో పొర బాగుంది, కడగక్కర్లేదు.

ఇతర విషయాలు: ఇస్సాకు ఇంటికొచ్చాక తెప్ప మీద ఎక్కువ తిరగడం లేదు. నీళ్ళ వంతు దగ్గర వాడిని చూసి పిల్లలను లోపలికి పిలుచుకుంటున్నారు. ఇవాళ మధ్యాహ్నం తనంతట తానే నా గదికి వచ్చాడు. పీట లాక్కుని కూర్చున్నాడు. తల మీద జుట్టు అంగుళం కూడా పెరగలేదు, చెయ్యి పెట్టి నిమురుకుంటున్నాడు. వాడు ప్రాణాలతో నా పక్కన కూర్చున్నాడని, ఎండ వాడి చెవుల మీద పడుతోందని నాకు సంతోషంగా ఉంది. ఇంత సంతోషం నాకెప్పుడూ లేదు.

"అక్కా, ఒక మాట అడుగుతా, కోప్పడమాక."

"అడగరా."

"ఆ సాయంత్రం నేను ఈడే ఉన్నా గదా?"

చేతిలో నూనె డబ్బా కింద పెట్టాను.

"అదేం మాట?"

"కోర్టులో ఆ బొమ్మ వేశారు గదా మొదటిసారి. రోజంతా అదే వేశారు. జైల్లో పడుకుంటే అదే వచ్చేది. ఇప్పుడేందంటే..." అరచేతులు చూసుకున్నాడు. "కమ్మీ నా చేతిలో ఉన్నట్టు తెలుత్తంది అక్కా. చల్లగా. పొద్దున నాకు కోపం వచ్చింది నిజం. చంపుతా అన్నది కూడా నిజం. ఆ తరవాత ఏం చేశానో లోపల ఎతుకుతుంటే రెండూ ఉన్నయ్యి. ఈ గదీ ఉంది, ఆ నడవా ఉంది. నువ్వు చెప్పు. నువ్వు చూశావు గదా."

వాడికి జవాబు చెప్పడానికి నేను ఆ సాయంత్రంలోకి వెళ్ళాను. పీట ఉంది. పొర ఉంది. నా పక్కన గుండుతో ఒక మనిషి ఉన్నాడు. ఆ మనిషిని పక్కకి జరిపి వెనకాల చూశాను. వాడు అలా వచ్చి కూర్చున్న సాయంత్రాలు చాలా ఉన్నాయి, అన్నీ ఒకలాగే ఉన్నాయి. వాటిలో ఇదీ అని పట్టుకోవడానికి అరుపులు తప్ప ఇంకేం లేవు. అరుపులు విని నేను బయటికి పరిగెత్తాను. వాడు నాతోపాటు గదిలోంచే వచ్చాడా, నడవ మీద ఎదురయ్యాడా? నాకు తెలియడం లేదు. ఇన్నాళ్ళూ తెలిసినట్టే ఉంది. ఇప్పుడు తెలియడం లేదు.

వాడు నా మొహంలోకే చూస్తున్నాడు. తెలియదంటే వాడు ఇవాళ్టి నుంచి ఏ అడుగులో బతుకుతాడో నాకు అర్థమైంది.

"ఈడే ఉన్నావురా" అన్నాను. "నా పక్కనే. పొర కడిగావు. నాకు బెల్లం టీ కూడా తెచ్చావు, మూత పెట్టుకుని."

వాడి భుజాలు దిగాయి. చాలా రోజుల తర్వాత ఊపిరి మొత్తం వదిలాడు. కాసేపయ్యాక తల ఎత్తాడు.

"టీ నేను తెచ్చానా అక్కా?"

"తెచ్చావు" అన్నాను.

షిఫ్టు 259

రెండు పంపులూ నడుస్తున్నాయి. మూడో పొర బాగుంది. ఉప్పు తొట్టి సగానికి ఉంది.

ఇతర విషయాలు: ఏమీ లేవు.